వెన్నేటి తొలి యెరుపు

వర్షాకాలమంతయు గట్టుల నొరసికొని పాఱుచు ఎఱ్ఱమన్నును మొదలంట పెకలిన తుంగలను మోసి మోసి యలసిన వెన్నేరు కార్తీకమాసము ప్రవేశించినంతనే తన వేగమును తగ్గించుకొని మోసికొనివచ్చిన మడ్డినంతయు అడుగున దింపి అద్దమువలె తేటపడి ఇరుగట్టులనున్న రెల్లుదుబ్బుల తెల్లని వెన్నులను తనయందు జూపుచు మంచుతెర విడివిడని ప్రాతఃకాలమున బాలభానుని లేతకిరణములను ఇసుకతిన్నెల యంచులపై వెదజల్లుచు మెల్లమెల్లగా పాఱుచుండెడిది. ఆ తేటనీటికై వెన్నేటూరి అద్దకపువీథివారు సంవత్సరమంతయు కాచుకొనియుండెడివారు.

చదువరీ, ఆ కాలమున నీవు తెలతెలవాఱుచుండగా అద్దకపురేవున నిలిచియుండినయెడల మోకాలిలోతు నీటిలో వరుసదీరి బారెడు బారెడు వస్త్రములను ఏటివాలునకు విడిచి జాడించుచున్న పురుషులను, ఇసుకపై పఱచిన బట్టలమీద దోసిళ్ళతో నీరు చల్లుచు ఒకరినొకరు మేలమాడుకొనుచున్న స్త్రీలను, పాదముల చుట్టును గుమికూడి మడమలను గిల్లిపోవు చిన్నచిన్న పరిగెచేపపిల్లలను కన్నులార జూచియుందువు. దాహమైనవారు ఇసుకను జానెడు త్రవ్వి ఊరిన చెలమనీటిని దోసిట బట్టి త్రాగెడివారేగాని కాచుటయు వడగట్టుటయు ఎఱుగరు. నేనును ఆ నీరు త్రాగినవాడనే. ఆ రుచి యింకను నా నాలుకపై నున్నదన్నచో నా మనుమలు నవ్వుదురు. నవ్వనిండు, వారు త్రాగలేదు గనుక నవ్వుచున్నారు.

ఆ వీథికి పెద్ద నాంచారయ్య. డెబ్బది రెండేండ్లు నిండినను నడుము వంగనివాడు, కరక్కాయ కషాయమున నానినాని మణికట్టులవఱకు పసుపువన్నె దేలిన చేతులవాడు, లోకమునంతయు రంగునుబట్టియే తూచువాడు. వైద్యుడు నాడి జూచి చెప్పు జబ్బును ఆయన ముఖపు రంగు జూచి చెప్పును. పెరుగు పులిసినదియు లేనిదియు మూకుడు తీయకుండగనే మీగడ వన్నెను జూచి చెప్పును. ఇన్ని రంగులు కనిపెట్టగల యీ మహానుభావుడు ఆలు కట్టిన క్రొత్త చీర రంగును మాత్రము ఏబదేండ్లలో నొక్కనాడైనను కనిపెట్టలేదని ఆయన యిల్లాలు అలివేలమ్మ దెప్పుచుండెడిది.

తరతరములుగా ఆ వీథిలో నొక ఆచారము కలదు. కార్తీకమున నీరు తేటపడిన పిదప వీథిపెద్ద యగువాడు జానెడు వెడల్పును మూరెడు పొడవును గల నూలుగుడ్డను చించి కరక్కాయపొడియు గేదెపాలును కలిపిన నీట నానవైచి యెండించి పటికరసమున ముంచి, ఆ యుదయముననే ఏటినుండి తెచ్చిన నీటిని రాగికాగున బోసి ఎఱ్ఱరంగు నిచ్చు చిరివేరుతో నుడికించి, మరల ఏటివాలున జాడించి ఇసుకపై నాఱవేయును. దానికి తొలి యెరుపని పేరు. బట్ట అదియే, పటిక అదియే, వేరు అదియే. ఎరుపు ఎంతటిదగుననునది మాత్రము ఆ యేటి నీటిచేతిలో నున్నది. గుడ్డ యాఱిన పిమ్మట దాని మూలను వెదురుకలముతో తుప్పుపట్టిన యినుమునుండి తీసిన నల్లని కసింరంగున ఆ సంవత్సరము పేరు వ్రాసి పనసచెక్కపెట్టెలో భద్రపఱతురు. అద్దినవాని పేరు వ్రాయుట లేదు. “ఎరుపు ఏటిది, చాకిరి మనది” అని పెద్దలు చెప్పిన మాట.

ఆ పెట్టె తెఱచి వరుసగా పఱచినచో వెన్నేటి చరిత్రమంతయు ఏ పండితుని సాయమును లేకయే చదువవచ్చును. నాంచారయ్య తండ్రి అద్దిన సర్వజిత్తు గుడ్డ కోడిజుట్టువలె భగ్గుమనుచుండెను. అటుపిమ్మట ఖర నందన విజయ సంవత్సరముల గుడ్డలును దానికి తోబుట్టువులే. అక్షయ సంవత్సరమునుండి మార్పు. అప్పటికి వెన్నేటూరు ఊరుగా నుండుట మాని పట్టణమైనది. ఇంటింట మరుగుదొడ్లు వెలసినవి, అది మంచిదే. కాని యా నీరెక్కడికి పోవుచున్నదని అడిగినవాడు లేడు. నీరు పల్లమెఱుగును నిజము దేవుడెఱుగును అను సామెతలో మొదటి సగమే మావారికి చాలినది, పల్లమున వెన్నేరుండెను గనుక. ఏటేట ఎరుపు ఇటుకవన్నెకు దిగి ఇటుకనుండి తుప్పునకు దిగి బహుధాన్య సంవత్సరమునాటికి ఆ గుడ్డను ఎరుపనుటకు నోరురాని స్థితి వచ్చెను. పరిగెపిల్లలు పోయినవి. చెలమలు త్రవ్వువారు పోయిరి. వీథిలో సగమిండ్లవారు అచ్చులు అటకెక్కించి వేఱు పనులు చూచుకొనిరి. నాంచారయ్య మాత్రము ప్రతి కార్తీకమునను ముక్కు మూసికొని రేవునకు దిగి ఆ మాసిన గుడ్డను ఆచారముచొప్పున పెట్టెలో నుంచి ఆ పూట అన్నము తినక పండుకొనెడివాడు.

స్వభాను సంవత్సరమున పట్టణమునకు దిగువన, అద్దకపురేవునకు కొంచెము ఎగువన, ప్రభుత్వమువారు మురుగునీటి శుద్ధి కర్మాగారమును కట్టించిరి. కాలువలన్నియు అచ్చట చేరి తొట్టినుండి తొట్టికి నడచి కడపట తేటనీరై వెన్నేటిలోనికి దిగునట్లు ఏర్పాటు. దానిపై అధికారిణిగా వచ్చినది వకుళ యను ముప్పదేండ్లైన నిండని యువతి. మోకాళ్ళవఱకు రబ్బరు బూట్లు తొడిగికొని కొంగు నడుమున బిగించి తొట్లగట్లపై తిరుగుచుండు ఆమెకు ఊరిలోని పోకిరులు మురుగమ్మ యని పేరిడిరి. అది ఆమె చెవిని పడినప్పుడు, “ఏటికి గంగమ్మ యుండగా మురుగునకు మాత్రమొక అమ్మ యుండవద్దా?” అని నవ్వి యూరకుండెను. పిమ్మట ఆ పేరు పెట్టినవారికే సిగ్గువేసినది.

మఱుసటి యేడు తారణ. ఆ కార్తీకమున నాంచారయ్య రాగికాగునుండి గుడ్డను పైకెత్తి ఇటునటు త్రిప్పి చూచెను. సర్వజిత్తు గాదు, విజయయు గాదు, ఐనను అది యెరుపు, నిస్సందేహమైన యెరుపు. ఇరువదేండ్లకు ఏరు తన్ను గుర్తుపట్టినదని ఆ ముసలివాడు రేవుననే కూలబడి యేడ్చెను. అలివేలమ్మ చేత సున్నుండలు చుట్టించి ఆ గుడ్డను భుజమున వైచికొని నేరుగా కర్మాగారమునకు నడచెను.

“తల్లీ, నాకు నీ చదువులు రావుగాని రంగు వచ్చును. మా యేరు చచ్చి బ్రతికినది. ఇదిగో, కన్నులార చూచుకొనుము.”

వకుళ ఆ గుడ్డను రెండుచేతుల నందుకొని చాలసేపు చూచి, “తాతగారూ, బ్రతికించినది నేను గాను. బ్రతికించినవారిని చూపెదను, రండు” అని గాలితొట్టికడకు తోడ్కొనిపోయెను. అడుగునుండి గాలి బుసబుస పొంగుచుండగా నురుగులు గ్రక్కుచు సుడులు తిరుగుచున్న గోధుమవన్నె బురదనీటిని జూచి నాంచారయ్య పైపంచెతో ముక్కు గప్పికొనెను.

“ఇందులో కంటికానని ప్రాణులు కోట్లకొలది కలవు. మురుగును తిని నీటిని విడుచునవి అవియే. వానికి ఊపిరి యందించుట మా కొలువు. ఈ గోధుమవన్నె యున్నంతకాలము అవి సుఖముగ నున్నట్లు లెక్క.”

“బాగున్నదమ్మా నీ లెక్క! బురదవన్నె యారోగ్యమట! పుట్టి బుద్ధెఱిగినది మొదలు రంగు వదలినదే శుద్ధియని వినుచున్నాను. నీళ్ళకు వేఱొక న్యాయమా?”

“మీ రేవున మీ న్యాయము, మా తొట్టిలో మా న్యాయము” అని యామె నవ్వెను. నాంచారయ్యయు నవ్వెనుగాని ఆ మాటను ఆయన కన్నులు నమ్మలేదు. ఆ దినమునుండి ఆమెను మాత్రము మనుమరాలనియే పిలుచుచుండెను.

ఇక జరిగిన పొరబాటు వినుము. వెన్నేటూరి అద్దకపువారికి ఏటియెడల గల భక్తి సామాన్యమైనది గాదు. బట్ట జాడించుటకే ఏరు. వాడిన కాగునీరు ఏటికి ఎంగిలి యని తలంచి ప్రతి పెరటిలోను ఇంకుడుగొయ్యి త్రవ్వి దానిలో పోయుట వారి పెద్దలనాటి కట్టడి. తారణ కడచి పార్థివ సంవత్సరము వచ్చినది. ఆ భాద్రపదమున భూగర్భపు మురుగుకాలువ అద్దకపువీథికిని వచ్చినది. దానితోబాటు రంగునీళ్ళు కాలువలో విడువరాదని పురపాలకసంఘమువారి తాఖీదొకటి వచ్చినది. నాంచారయ్య దానిని రెండుమాఱులు చదివించుకొని ఆలోచించెను. కాలువనీరు పోవునది యెక్కడికి? మనుమరాలి తొట్టికి. ఆడపడుచునకు సారె పంపువాడు మాసిన బట్ట పంపునా? నూలు తెల్లపఱచుటకు తెచ్చికొను బ్లీచింగుపొడి ప్రతి యింటను నుండనే యున్నది. వాడిన కాగులో దోసెడు పొడి చల్లి కలియబెట్టి చూచెను. నలుపు గోధుమయై గోధుమ పసుపై పసుపు తేటనీరై కాగు అడుగు కానవచ్చెను. ఆయన ఆనందమునకు మేరలేదు. వీథిలో అద్దకము సాగుచున్న నలువది యిండ్లవారిని పిలిచి ఆ విద్య నేర్పెను. ఇక వానితో పనిలేదని గోతులన్నియు పూడ్పించెను, తన గోతిపై మల్లెయంటు పాతించెను. ప్రతి యుదయమును నలువది కాగుల తేటనీరు ఒక్కగడియలో కాలువలోనికి దిగుచుండగా వీథి యరుగుపై గూర్చుండి, “చూచితివా అలివేలూ, అమ్మాయికి పనియే లేకుండ చేసితిని” అని మురియుచుండెను.

ఆ సంవత్సరపు కార్తీకము వచ్చెను. మంచు కురిసెను, రెల్లు పూచెను, అంతయు వాడుకగానే యుండెను. నాంచారయ్య కొండంత ఆశతో రేవునకు దిగెను. దిగుచుండగనే ఆ పాతవాసన ముక్కుపుటములకు సోకెను. కాగునుండి గుడ్డ పైకి వచ్చెను. అది నానిన చెట్టుబెరడు వన్నెగా నుండెను. బహుధాన్యకంటెను హీనము. ఆయన దానిని జాడించి ఆఱవైచి మూలను పార్థివ యని వ్రాసి యింటికి వచ్చి యెవ్వరితోను పలుకక పనసపెట్టెను భుజముపై కెత్తుకొని పురపాలకసంఘ భవనమునకు బయలుదేఱెను.

ఆ దినమున సంఘము కొలువైయుండెను. ఆ కర్మాగారమును మూసి కాలువను పూర్వమువలె ఏటిలోనికి మళ్ళించిన పీడ వదలునని చిరకాలముగ కోరుచున్న సభ్యులు కొందఱు కలరు. కొట్లాట మాని కునుకుతీయువారు కొందఱు కలరు. నాంచారయ్య యెవ్వరిని అడుగకయే పొడవైన బల్లపై సర్వజిత్తు మొదలుకొని గుడ్డలన్నిటిని వరుసగా పఱచి కడపట పార్థివను పెట్టెను. కునుకుతీయువారు సైతము లేచి వంగి చూచిరి. అధ్యక్షులు వకుళను పిలిపించిరి. పిమ్మట ఆమె చెప్పినదంతయు నిజము: రెండు మాసములనుండి తొట్టిలోని ప్రాణులు చచ్చుచున్నవి, పొరుగుపట్టణపు తొట్టినుండి జీవమున్న బురదను రెండుమాఱులు తెప్పించి పోసినను అదియు చచ్చినది, కారణము తెలియదు.

“తెలియదనుటకు నీవెందుకు తల్లీ? అది నాకును తెలియదు” అని నాంచారయ్య యనెను.

ఆ మాటకు వకుళ ముఖము పాలిపోయినది. రంగులు కనిపెట్టువాడు గదా, ఆయన అదియు చూచెను, చూచియు ఊరకుండెను. ఆమె పదునైదు దినముల గడువు వేడెను. గడువులోపల కారణమును ఋజువుతో చూపనియెడల ఆమెను కొలువునుండి తప్పించి కర్మాగారమునకు తాళము వేయుటకు అధ్యక్షులు తీర్మానము వ్రాయించిరి. తాళము పడినచో ఊరి మురుగంతయు తిన్నగా వెన్నేటిలోనికే దిగునని అందఱకు తెలియును. తెలిసియే ఒప్పుదల తెలుపుచు చేతులెత్తిరి.

మఱునాటినుండి వకుళ చేసిన పని యిది. గాజుసీసాలో పొరుగూరి తొట్టినుండి తెచ్చిన సజీవమైన బురదనీటిని పట్టుకొని ఇనుపకడ్డీ చేబూనిన పనివాండ్ర నిద్దఱను వెంటబెట్టుకొని వీథివీథికిని పోయి భూగర్భకాలువల యినుపమూతల నెత్తించి ఆ వీథి నీటిని సీసాలోని ప్రాణులకు త్రాగించి అవి బ్రతికినవో చచ్చినవో సూక్ష్మదర్శినిలో చూచుకొనుచు వచ్చెను. అంగడివీథిలో అవి బ్రతికినవి. నూనెగానుగల వీథిలో మందగించినవిగాని బ్రతికినవి. పండ్రెండవనాటి యుదయమున అద్దకపువీథి మొదటి మూత యెత్తి నీరు పోసినంతనే చచ్చినవి. ఆమె తల పైకెత్తి చూచెను. ఎదుటి యరుగుపై నాంచారయ్య కూర్చుండియుండెను.

ఆయన రమ్మని పిలువలేదు. అలివేలమ్మయే మజ్జిగలోటాతో బయటికి వచ్చి, “గుమ్మము తొక్కినవారితో అలుకయేమి? మనుమరాలని వరుస కలిపిన నోరు నీదే గదా! రా తల్లీ, ఎండనపడి వచ్చితివి” అని కూర్చుండబెట్టెను. నాంచారయ్యకు రోషము వచ్చెను. “వచ్చితివిగదా, చూచి పొమ్ము. నీ తొట్టికన్న నా కాగు ఎంత శుద్ధముగ నున్నదో” అని ఆమెను పెరటిలోనికి తీసికొనిపోయెను. కాగులో వాడిన నీరు తేటగా నున్నది. అడుగున రాగి మెఱయుచున్నది. ఆ నీటినుండి కన్నులు మండించు పొడివాసన సన్నగా లేచుచున్నది.

“ఎన్ని యిండ్లవారు ఇట్లు చేయుచున్నారు తాతగారూ?”

“నలువది యిండ్లవారును. నేనే నేర్పితిని. నీకు శ్రమ తగ్గవలెనని.”

వకుళ ఆ కాగునీటిని చిన్నగిన్నెలోనికి తోడుకొనెను. పిదప సూక్ష్మదర్శినిని తెప్పించి అరుగుపై వెలుతురున నిలిపి క్రొత్తగా నింపిన సీసాలోని సజీవమైన బురదనీటిబొట్టు నొకటి గాజుపలకపై నుంచి ఆయనను చూడుమనెను. ఎన్ని సన్నపుగీతలనో జూచిన ఆ కన్నులకు చూపు కుదురుటకు ఆలస్యము కాలేదు. సన్నని తొడిమలపై చిన్నచిన్న గంటలవంటివి గుంపుగట్టి యూగుచు గబుక్కున ముడుచుకొని మరల విచ్చుకొనుచుండెను.

“ఓహో! ఏమివి తల్లీ? ఎంత ముచ్చటగనున్నవి!”

“పోయినయేడు మీకు ఎరుపు తెచ్చియిచ్చినవి ఇవియే. ఇప్పుడు మీ కాగునీరు ఒక్కచుక్క వేయుదును. చూపు మరల్పకుడు.”

చుక్క పడెను. గంటలు ఒక్కమాఱుగ ముడుచుకొనెను. ఈమాఱు విచ్చుకొనలేదు. తొడిమలు చుట్టలు చుట్టుకొని నిలిచిపోయెను. నాంచారయ్య కన్ను తీయకయే అట్లే వంగియుండెను.

“మరల కదలవా?”

“కదలవు తాతగారూ.”

వకుళ ఆయన పసుపుచేతిని తన చేత పట్టుకొని, “మీరు నాపై అభిమానముతో చేసినది నాకు తెలియును. పొడి పోయుట మానిపింపుడు, అది చాలును. సభలో మీ పేరు గాని వీథి పేరు గాని నేను చెప్పను” అని లేచిపోయెను. చెప్పనిచో అది ఋజువు గాదనియు ఋజువు లేనిచో తాళము తప్పదనియు ఆమెకు తెలియును, ఆయనకును తెలియును.

ఆ సాయంకాలమున వీథిలోని పెద్దలు నలుగురు వచ్చిరి. “తిలాపాపము తలా పిడికెడు. ఊరిలో అందఱి మురుగును దానిలోనిదే గదా, మన పిడికెడు తెలియువాడెవడు? నోరు మూసికొని యుండుట మేలు” అని హితము చెప్పిపోయిరి. ఏబదేండ్లుగా రంగున తప్పనివాడని పేరుపొందిన తాను రంగునే నమ్మి మోసపోయితినని నలుగురిలో నెట్లు చెప్పుట? నాంచారయ్య అన్నము ముట్టక లేచెను. అలివేలమ్మ విస్తరి తీయుచు, “నలువది యిండ్లకు ఆ దిక్కుమాలిన పొడి చల్లుట నేర్పిననాడు వీథి చివఱవఱకు వినవచ్చిన గొంతు ఇప్పుడేమైనది?” అని మాత్రము అడిగి లోనికి పోయెను.

గడువుదినమున సభ నిండెను. వకుళ లేచి తొట్టిలోని ప్రాణులు బ్లీచింగుపొడిచే చచ్చినవనియు అది యికమీద రాదనియు విన్నవించెను. ఎక్కడనుండి వచ్చినదని సభ్యులడిగిరి. ఆమె తలవంచుకొని నిలిచెను. ఇది కుంటిసాకని యొకరు, కట్టుకథయని యొకరు పలికిరి. అధ్యక్షులు తీర్మానపత్రమును దగ్గఱకు జరుపుకొని కలము తీసిరి.

అప్పుడు వెనుకబల్లనుండి నాంచారయ్య లేచెను. ఆయన చేత పార్థివ గుడ్డయు వెదురుకలమును కసింరంగు పిడతయు ఉండెను. అధ్యక్షుల బల్లపై గుడ్డను పఱచి కలమును ముంచి సంవత్సరము పేరుక్రింద వ్రాసి సభ కంతకు వినబడునట్లు చదివెను.

“పార్థివ. చెఱచినవాడు నాంచారయ్య.”

సభ్యులు బల్లకడకు జరిగిరి.

“అయ్యలారా, మా పెట్టెలో ఏ గుడ్డమీదను మనుష్యుని పేరు లేదు. ఇదియే మొదటిది. రంగు విఱిగిన నీరు మంచినీరని తలచి నలువది కాగులలో ఆ పొడి నేను పోయించితిని. కంటికి తేటగా నున్నది చంపినది. నేను ముక్కు మూసికొన్న బురద బ్రతికించినది. ఈ పిల్ల నాడే చెప్పినది, నా కన్ను వినలేదు. పొరబాటు నాది. పదిమందిలో ఈమెను అవమానించినది నేను. పదిమందిలోనే మన్నింపుమని అడుగుచున్నాను. తాళము వేయవలెనన్నచో నా యింటికి వేయుడు, ఆ తొట్లకు వేయకుడు.”

వకుళ ముందునకు వచ్చి ఆయన చేతిలోని పిడతను తాను పుచ్చుకొనెను. ఇద్దఱి కన్నులును చెమర్చెను. అధ్యక్షులు కొంతసేపు ఆ గుడ్డను చూచి తీర్మానపత్రమును మడిచి కలము మూసిరి. తాళము కోరినవారు ఒక్కరొక్కరుగ లేచిపోయిరి.

మఱునాడు తెల్లవాఱినంతనే నాంచారయ్య పలుగు పట్టుకొని తన పెరటి మల్లెయంటును తానే పెకలించి పూడ్చిన గోతిని త్రవ్వనారంభించెను. ముసలివాడు త్రవ్వుచుండగా చూచుచు గూర్చుండుటకు ఎవ్వరికి మొగము చెల్లును? మూడవనాటికి నలువది గోతులును తెఱవబడెను. పొరుగుపట్టణమునుండి మరల జీవమున్న బురద వచ్చెను. అప్పటినుండి ప్రతి యుదయమును ఆయన కర్మాగారమునకు పోయి తొట్టిగట్టున నిలిచి, “నిన్నటికంటె ఒక వీసమెత్తు ముదిరినది, గాలి యింకొంచెము పెట్టింపుము” అనియో “అంచున నలుపు దిగుచున్నది, ఏదియో బాగులేదు” అనియో చెప్పుచుండెను. ఆయన చెప్పిన మఱునాటికి వకుళ యంత్రములు అదియే చెప్పుచుండెను. బురదవన్నెలో అన్ని వన్నెలున్నవని ఆయన ముదిమిలో నేర్చుకొనెను. ఆ కన్నును ఆమె తన పరికరములలో నొకటిగ నెంచెను.

వ్యయ సంవత్సరపు కార్తీకమున వెన్నేరు మరల తేటపడెను. ఆ వేకువను రేవున వీథివారందఱును నిలిచిరి; వకుళయు రబ్బరుబూట్లు గట్టున విడిచి వట్టికాళ్ళతో నీటిలో దిగెను. నాంచారయ్య కాగునుండి గుడ్డను పైకెత్తి ఏటివాలునకు విడిచి జాడించి యెండవైపు పట్టెను. సర్వజిత్తు గాదు, అది యిక రాదేమో. ఐనను తారణకంటె ఒక మెట్టు పైనున్న యెరుపు. అంతలో వకుళ చటుక్కున వంగి తన పాదమును చూచుకొనెను. వ్రేలెడైన లేని పరిగెపిల్ల యొకటి ఆమె మడమను గిల్లి పోయెను.

గుడ్డ యాఱిన పిదప ఆయన కలము ముంచి మూలను వ్యయ యని వ్రాసెను. అలివేలమ్మ ప్రక్కన వంగి, “అమ్మాయి పేరు కూడ వ్రాయుము. చెఱచినప్పుడు నీ పేరు వ్రాసికొంటివిగదా, బాగుచేసినదాని పేరు వ్రాయవలదా?” అనెను. నాంచారయ్య కలమును కడిగి పెట్టెను.

“చెడినప్పుడే మనుష్యుని పేరు కావలెను అలివేలూ. బాగున్నప్పుడు ఎరుపు ఏటిది.”

వకుళ తల యూపి నవ్వెను.

నాంచారయ్య యిప్పుడు లేడు. మొన్న నేను వెన్నేటూరు పోయినప్పుడు అలివేలమ్మ పనసపెట్టె తెఱచి నాకు చూపినది. సర్వజిత్తు గుడ్డ అడుగున నున్నది. అన్నిటికి పైన, పెట్టె తెఱచినంతనే కంటబడునట్లు, ఆ చెట్టుబెరడు వన్నె గుడ్డ యున్నది. వీథిపెద్ద యగువాడు తొలి యెరుపు అద్దుటకు ముందు దానిని ఒకమాఱు చేతబట్టి చదువవలెనట, అది ఆయన పెట్టిపోయిన క్రొత్త ఆచారము. నేనును దానిని చేతబట్టి చదివితిని. అక్షరములు ఇంకను నల్లగానే యున్నవి.

పిమ్మట రేవునకు దిగి ఇసుకను జానెడు త్రవ్వి చూచితిని. చెలమ యూరినది. ఇంకను త్రాగరాదని వకుళ మఱిమఱి చెప్పియున్నందున త్రాగక దోసిట బట్టి చాలసేపు చూచి మరల ఏటిలోనే విడిచితిని.